గెలిచినట్టూ కాదు, ఓడినట్టూ కాదు!
గడువు తీరి రాలిపోతున్న పంచాయతీ కేసులు

(మా గ్రామీణ విలేకరి)

వరంగల్: కోర్టులో ఓడినవాడు అక్కడే ఏడిస్తే, గెలిచినవాడు ఇంటికి వెళ్ళి ఏడ్చాడని మన పెద్దలు చెప్పిన సామెత అందరికీ తెలిసిందే. అయితే ఆ సామెతలో చోటు దొరకని మూడోవాడు ఒకడున్నాడు. అతను గెలవనూ లేదు, ఓడనూ లేదు. అతని కేసు విచారణకు వచ్చేసరికి విచారించడానికి ఏమీ మిగలలేదు. ఇటువంటి కేసును న్యాయవాదులు "ఇన్‌ఫ్రక్చువస్" అయిందంటారు. అనగా ఫలం లేనిదైపోయిందని అర్థం. మన పల్లెల్లో పంచాయతీ, మునిసిపల్ ఉత్తర్వుల మీద హైకోర్టుకు ఎక్కే కేసులలో ఈ దారిన పోయేవి కొల్లలు. తీర్పు చెప్పకుండానే ముగిసే ఈ కేసుల వల్ల ఎవరికి లాభం, ఎవరికి నష్టం అన్నది ప్రజలు ఆలోచించవలసిన విషయం.

ఒక సర్పంచు కథ

మా ప్రాంతంలో ఒక గ్రామం. పేరు చెప్పడం ఆమెకు ఇష్టం లేదు కనుక రాయడం లేదు. రిజర్వేషన్ వల్ల ఒక పేద కుటుంబపు మహిళ అక్కడ సర్పంచు అయింది. తీర్మానం లేకుండా పంచాయతీ నిధులు ఖర్చు చేసిందని ఆమెపై ఫిర్యాదు వచ్చింది. విచారణ జరిగిందన్నారు. ఆరు నెలల పాటు సస్పెండ్ చేస్తూ ఉత్తర్వులు వచ్చాయి. చెక్కులు, రికార్డులు ఉప సర్పంచు చేతికి వెళ్ళాయి. ఆ వార్తను రాసింది నేనే. నాలుగు కాలాల్లో వచ్చింది.

తన జవాబు వినకుండానే ఉత్తర్వు ఇచ్చారన్నది ఆమె వాదన. చెవుల కమ్మలు కుదువబెట్టి, తెల్లవారుజామున కాజీపేటలో రైలెక్కి హైదరాబాదు వెళ్ళి రిట్ వేసింది. కౌంటరు దాఖలు చేయడానికి ప్రభుత్వ న్యాయవాది నాలుగు వారాల గడువు అడిగారు. ఆ తరువాత మరో గడువు. మధ్యలో పండుగ సెలవులు. ఒకనాడు కేసు లిస్టులో ఉన్నా పొద్దుపోయే వరకు దాని వంతు రాలేదు. ఈలోగా ఆరు నెలలు నిండాయి. ఆమె తిరిగి కుర్చీలో కూర్చున్నది. తరువాత కేసు పిలిచినప్పుడు సస్పెన్షన్ గడువే ముగిసినందున విచారించవలసింది ఏమీ లేదని రెండు మూడు వాక్యాలతో కేసు మూసివేయడం జరిగింది.

వకీలు గుమాస్తా ఫోను చేసి "అమ్మా, మీ కేసు అయిపోయింది" అన్నాడట. "గెల్చినమా, ఓడినమా సారూ?" అని ఆమె అడిగింది. దానికి ఆయన వద్ద జవాబు లేదు.

ఊరికి మాత్రం రెండు జవాబులు దొరికాయి. కోర్టు ఆమె కేసును కొట్టేసిందని ఒక వర్గం చాటింది. తిరిగి కుర్చీ ఎక్కింది గనుక ఆమే గెలిచిందని మరో వర్గం అన్నది. రెండూ నిజం కాదు. ఆమె డబ్బు తిన్నదా లేదా అన్నది ఏ అధికారీ తేల్చలేదు, ఏ కోర్టూ తేల్చలేదు. తప్పు చేయకపోతే ఆమె పేరు మీద మచ్చ అలాగే ఉండిపోయింది. తప్పు చేసి ఉంటే ఊరి సొమ్ము తిరిగి రాలేదు. "తమ్మీ, నువ్వు రాసిన పేపరు నా ట్రంకు పెట్టెల ఇంకా ఉన్నది. తర్వాత ఏమైందో కూడ రాయరాదూ" అని ఆమె నన్ను అడిగింది. ఈ నాలుగు మాటలు రాయడానికి అదొక కారణం.

ఆరు నెలల ఉత్తర్వు, అంతకు మించిన విచారణ

2018 నాటి తెలంగాణ పంచాయతీరాజ్ చట్టం సర్పంచులను సస్పెండ్ చేసే, తొలగించే అధికారాన్ని కలెక్టరుకు ఇచ్చింది. ఆ అధికారం ఉండవలసిందే. దొంగ బిల్లులు రాసి, చెక్కులు చించుకునే సర్పంచులు లేరని ఎవరూ అనరు. ఇబ్బంది అంతా గడువులో ఉన్నది. ఉత్తర్వు ఆయుష్షు ఆరు నెలలు. దానిపై వేసిన కేసు ఆయుష్షుకు లెక్క లేదు. కనుక ఉత్తర్వు సరైనదైనా కాకపోయినా దాని పని అది చేసుకుని పోతుంది. కేసు ఆ తరువాత తీరిగ్గా వచ్చి ఖాళీ కుర్చీని చూస్తుంది.

ఇందులో మరో వైపు కూడా ఉన్నది. కోర్టులో తొలిరోజే స్టే దొరికితే కథ తిరగబడుతుంది. అప్పుడు సర్పంచు ఆ స్టే కాగితం పట్టుకుని మిగిలిన పదవీకాలం గడిపేస్తాడు. ఐదేళ్ళు నిండాక తొలగింపు కేసుకూ కాలం చెల్లుతుంది. నిజంగా తిన్నవాడు కూడా తేలకుండానే బయటపడతాడు. మొదటి తరహాలో అధికారికి లాభం, రెండో తరహాలో అక్రమార్కునికి లాభం. రెండింటిలోనూ నష్టపోయేది నిజం తెలియని గ్రామమే.

ప్రత్యేకాధికారుల పాలన

ఒక మనిషి సంగతి అటుంచి మొత్తం పల్లెల సంగతి చూద్దాం. రాజ్యాంగ 73వ సవరణ 1993 ఏప్రిల్ 24 నుండి అమలులోకి వచ్చిన సంగతి విదితమే. పంచాయతీ పదవీకాలం ఐదేళ్ళేననీ, అది ముగియకముందే ఎన్నికలు జరపాలనీ 243-ఇ అధికరణం చెబుతున్నది. అహ్మదాబాదు కార్పొరేషన్‌కు సంబంధించిన కిషన్ సింగ్ తోమర్ కేసులో సుప్రీంకోర్టు 2006లో మునిసిపాలిటీల విషయంలోనూ ఇదే మాట గట్టిగా చెప్పింది.

మరి మన దగ్గర జరిగిందేమిటి? 2006లో ఎన్నికైన పంచాయతీల గడువు 2011 ఆగస్టులో ముగిసింది. మళ్ళీ ఎన్నికలు జరిగింది 2013 జులైలో. అప్పుడు వచ్చినవారి గడువు 2018 ఆగస్టు మొదట్లో ముగిసింది. ప్రత్యేకాధికారులను వేశారు. కొందరు హైకోర్టుకు వెళ్ళారు. మూడు నెలల్లో ఎన్నికలు జరపాలని 2018 అక్టోబరులో హైకోర్టు ఆదేశించింది. 2019 జనవరిలో మూడు విడతలుగా ఎన్నికలు జరిగాయి. ఆ పాలకవర్గాల గడువు 2024 జనవరి చివరికి ముగిసింది. ఫిబ్రవరి 2 నుండి తిరిగి ప్రత్యేకాధికారులే. మాజీ సర్పంచులు వేసిన పిటిషన్లపై సెప్టెంబరు 30లోగా ఎన్నికలు ముగించాలని హైకోర్టు 2025 జూన్ 25న తీర్పు చెప్పింది. అప్పటికే పదిహేడు నెలలు గడిచాయి.

తరువాతి సంగతులు పాఠకులకు గుర్తుండే ఉంటాయి. వెనుకబడిన తరగతులకు 42 శాతం రిజర్వేషన్ ఇస్తూ 2025 సెప్టెంబరు 26న ప్రభుత్వం జీవో 9 జారీ చేసింది. అక్టోబరు 9న హైకోర్టు దానిని నిలిపివేసింది. అక్టోబరు 16న సుప్రీంకోర్టు జోక్యానికి నిరాకరించింది. చివరకు మొత్తం రిజర్వేషన్లు 50 శాతం మించకుండా డిసెంబరు 11, 14, 17 తేదీలలో పోలింగు జరిగింది.

లెక్క వేయండి. 2011 ఆగస్టు నుండి 2025 డిసెంబరు వరకు పద్నాలుగేళ్ళ చిల్లర. అందులో తొలివిడత రెండేళ్ళు, మలివిడత ఆరు నెలలు, మూడోవిడత ఇరవై రెండు నెలలు. మొత్తం నాలుగేళ్ళకు పైగా మన గ్రామాలను ఎన్నికైనవారు కాక అధికారులు పాలించారు. ఒక్కొక్క అధికారి కింద రెండు మూడు గ్రామాలు. ఆయన అసలు ఉద్యోగం వేరు. మురుగు కాలువ పూడితే, వీధి దీపం వెలగకపోతే చెప్పుకోవడానికి మనిషి దొరకలేదు. పాలకవర్గాలు లేనందున పదిహేనవ ఆర్థిక సంఘం నిధులు కూడా ఆగిపోయాయి. ఎన్నికలు జరగగానే ఇదంతా గతమైపోయింది. జరిగిన ఎన్నికలు జరిగిపోయిన కాలాన్ని తిరిగి ఇవ్వవు కదా! ఆ ఇరవై రెండు నెలల పాలన చట్టానికి నిలుస్తుందా లేదా అని ఇప్పుడు ఎవరైనా అడిగితే, ఎన్నికలు అయిపోయాయి కదా అన్న ఒక్క జవాబుతో సరిపోతుంది. చేతులు కాలాక ఆకులు పట్టుకోవడమంటే ఇదే.

పట్నానికీ ఈ బాధ తప్పలేదు. వరంగల్ నగరపాలక సంస్థకు 2005లో ఎన్నికైన పాలకవర్గం గడువు 2010లో ముగియగా తిరిగి ఎన్నికలు జరిగింది 2016 మార్చిలో. ఆ మధ్యకాలంలో నగర ప్రజలకు కార్పొరేటరు అన్నవాడే లేడు.

మంగపేట గోడు

ఇందుకు భిన్నమైన బాధ మన ఉమ్మడి జిల్లాలోనే ఉన్నది. నేడు ములుగు జిల్లాలో ఉన్న మంగపేట మండలంలోని 23 గ్రామాలు షెడ్యూల్డు ప్రాంతంలోకి వస్తాయా రావా అన్నది ఏనాటి తగవో. 1950లో వచ్చిన రాష్ట్రపతి ఉత్తర్వు వరకు వెళుతుంది దాని మూలం. ఆ గ్రామాలు షెడ్యూల్డు ప్రాంతంలోనివేనని హైకోర్టు 2023 జులైలో తీర్పు చెప్పింది. వివాదం అంతటితో ఆగక సుప్రీంకోర్టుకు వెళ్ళింది. 2025 డిసెంబరులో రాష్ట్రమంతా పంచాయతీ ఎన్నికలు జరుగుతుంటే మంగపేట మండలం కోర్టు ఉత్తర్వుల కారణంగా పక్కనే నిలబడి చూసింది.

ఇక్కడ కేసుకు కాలం చెల్లలేదు. కేసు పచ్చగా ఉన్నది, ఓటరు హక్కుకే కాలం చెల్లింది. పద్దెనిమిదేళ్ళు నిండి ఓటు వచ్చిన పిల్లలు పెళ్ళిళ్ళు చేసుకుని తల్లిదండ్రులయ్యారు గానీ తమ ఊరి సర్పంచును ఎన్నుకోలేదు. గిరిజనుల హక్కు పెద్దదే, గిరిజనేతరుల వాదనా వినవలసిందే. అయితే ఎవరి వాదన నెగ్గినా పోయిన పంచాయతీలను ఎవరూ తెచ్చి ఇవ్వలేరు.

కూల్చాక కేసెందుకు?

మూడో తరహా అందరికంటే దారుణమైనది. శనివారం సాయంత్రం గోడకు నోటీసు అంటిస్తారు. ఆదివారం జేసీబీ వస్తుంది. సోమవారం కోర్టు తెరిచేసరికి ఇల్లు ఉండదు. ఇల్లే లేనప్పుడు కూల్చవద్దని వేసిన పిటిషన్‌కు అర్థమేముంది?

ఈ బాధను గమనించే సుప్రీంకోర్టు 2024 నవంబరు 13న కొన్ని కట్టుబాట్లు విధించింది. కనీసం 15 రోజుల ముందు నోటీసు ఇవ్వాలి. యజమాని మాట వినాలి. కారణాలు రాసి ఉత్తర్వు ఇవ్వాలి. ఆ తరువాత కూడా అప్పీలుకు వెళ్ళడానికో, తనంతట తాను తీసివేయడానికో మరో 15 రోజులు ఆగాలి. వీటిని అతిక్రమించిన అధికారి సొంత డబ్బుతో పునరుద్ధరించవలసి వస్తుందని కూడా కోర్టు హెచ్చరించింది. రోడ్లు, కాలిబాటలు, చెరువులు, నదుల వంటి వాటిని ఆక్రమించిన కట్టడాలకు మాత్రం ఈ రక్షణ వర్తించదు.

ఆ మినహాయింపు సబబే. 2020 ఆగస్టు వరదలలో హన్మకొండ, వరంగల్ కాలనీలు నీట మునిగినప్పుడు నాలాల మీది ఆక్రమణలు ఎంత చేటు తెచ్చాయో కళ్ళారా చూశాం. నాలా మీద కట్టినవాడికి స్టే ఇచ్చి, కేసు ఏళ్ళ తరబడి సాగితే వచ్చే వానకు మునిగేది పక్క ఇంటివాడే. అయితే అది నాలా మీద ఉన్నదా లేదా అని కొలిచి చెప్పేది ఎవరు? సర్వే కాగితం ముందు చూపించి, తరువాత జేసీబీ పంపితే ఎవరికీ అభ్యంతరం ఉండదు.

కోర్టులు చేతులు కట్టుకోవాలా?

కోర్టుల వాదన కూడా వినాలి. బతికి ఉన్న తగవులు తీర్చడానికే సమయం చాలడం లేదు, చచ్చిన తగవులకు తీర్పు రాస్తూ కూర్చోవాలా అని వారడిగితే అందులో న్యాయం ఉన్నది. హైకోర్టులో కుప్పలుగా పడి ఉన్న ఫైళ్ళను చూసినవారెవరూ ఆ మాటను కాదనలేరు. అయినా అన్ని చచ్చిన తగవులూ ఒకటి కావు. మళ్ళీ మళ్ళీ పుట్టేవి కొన్ని ఉంటాయి.

అమెరికా సుప్రీంకోర్టు 1911లోనే ఈ సంగతి గుర్తించింది. సదరన్ పసిఫిక్ టెర్మినల్ కంపెనీ కేసులో రెండేళ్ళ గడువుతో ఇచ్చిన ఉత్తర్వు విచారణ ముగియకముందే కాలం తీరింది. అయినా, మళ్ళీ జరగడానికి వీలుండి, ప్రతిసారీ విచారణకు చిక్కకుండా జారిపోయే వ్యవహారాన్ని తేల్చకుండా వదలరాదని చెప్పి ఆ కోర్టు తీర్పు ఇచ్చింది. మన ఆరు నెలల సస్పెన్షన్‌కు ఈ మాట అచ్చంగా సరిపోతుంది. అయితే అదే దేశంలో 2020లో న్యూయార్క్ నగరపాలకులు తుపాకుల రవాణాపై తాము పెట్టిన నిబంధనను, సుప్రీంకోర్టు కేసు చేపట్టాక మార్చుకున్నారు. పాత నిబంధనపై ఇక తగవు లేదని కోర్టు ఆ భాగాన్ని పక్కన పెట్టింది. కేసు ఓడిపోయేలా ఉంటే ఉత్తర్వు వెనక్కు తీసుకోవడం ఒక్క మన అధికారులకే తెలిసిన విద్య కాదన్నమాట.

మన దేశంలోనూ దారి చూపిన తీర్పులున్నాయి. ఎస్.ఆర్. బొమ్మై కేసు 1994లో తేలింది. కర్ణాటకలో ఆయన ప్రభుత్వాన్ని రద్దు చేసింది 1989లో. ఆ రద్దు రాజ్యాంగ విరుద్ధమని కోర్టు తేల్చినా, అప్పటికే ఎన్నికలు జరిగిపోయినందున ఆయన ప్రభుత్వం తిరిగి రాలేదు. అయినా ఆ తీర్పు వృథా కాలేదు. రాష్ట్రపతి పాలన మీద అంతటి పగ్గం అంతకుముందు లేదు. కేసు నిరర్థకం కాకుండా ఉండేందుకు తీర్పు వచ్చేదాకా ఎన్నికలను ఆపే అధికారం కోర్టుకు ఉంటుందని కూడా అందులో చెప్పారు.

మన పక్క రాష్ట్రంలో మూడు రాజధానుల చట్టాలను 2021 నవంబరులో, హైకోర్టులో విచారణ సాగుతుండగా, ప్రభుత్వం వెనక్కు తీసుకున్నది. ఇక ఈ కేసులకు అర్థం లేదని వాదించింది. అయినా ముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనం 2022 మార్చి 3న తీర్పు చెప్పింది. ఆ తీర్పులోని మంచిచెడ్డలు వేరే సంగతి. ఉత్తర్వు ఉపసంహరించినంత మాత్రాన కోర్టు నోరు మూతపడనవసరం లేదన్నది అందులో మనం నేర్చుకోవలసింది. రాజధానికి దొరికిన ఆ శ్రద్ధలో వందో వంతు ఒక సర్పంచు కేసుకు దొరకరాదా?

చేయవలసినవి

పెద్ద చట్టాలేవీ అక్కరలేదు. గడువు ఉన్న ఉత్తర్వు మీద వేసిన కేసును ఆ గడువులో సగం గడవకముందే వినేలా విడిగా లిస్టు పెడితే చాలు. కౌంటరుకు రెండు వారాలకు మించి ఇవ్వకుండా, విచారణ ఫైలును మొదటి వాయిదాకే తెప్పించాలి. కలెక్టరు కార్యాలయం నుండి హైదరాబాదుకు ఫైలు చేరడానికి నెలలు పట్టే రోజులు కావివి.

కేసు నడుస్తుండగా అధికారి ఉత్తర్వు వెనక్కు తీసుకుంటే, ఎందుకు తీసుకున్నారో రాతపూర్వకంగా చెప్పించాలి. పిటిషనరు ఖర్చులు ఇప్పించాలి. గడువు తీరి కేసు మూసినప్పుడు, ఆరోపణలపై తాము ఏమీ తేల్చలేదని కోర్టు ఒక్క వాక్యం స్పష్టంగా రాస్తే ఊళ్ళో సగం దుష్ప్రచారం ఆగుతుంది. విచారణ అధికారి కూడా సస్పెన్షన్ ముగిసిందని ఫైలు కట్టేయకుండా సొమ్ము లెక్క తేల్చి గ్రామసభలో చదివి వినిపించాలి.

కోర్టుకెక్కేవారూ ఒకటి గుర్తుంచుకోవాలి. ఉత్తర్వు రద్దు చేయమని మాత్రమే అడిగితే గడువుతో పాటు కేసూ పోతుంది. ఆగిన గౌరవ వేతనం ఇప్పించమనీ, ఉత్తర్వు చెల్లదని ప్రకటించమనీ కూడా పిటిషన్‌లో అడిగితే తేల్చడానికి కొంతైనా మిగులుతుంది. ఈ సంగతి వకీలును మొదటిరోజే అడగాలి.

ఇక మా విలేకరుల సంగతి. సస్పెన్షన్ వార్తకు నాలుగు కాలాలు ఇచ్చినవాళ్ళం, కేసు ఎటూ తేలకుండా ముగిసిన వార్తకు నాలుగు వరుసలైనా ఇవ్వలేదు. ఆ తప్పు నాది కూడా. కొత్త సర్పంచులు పదవిలోకి వచ్చారు. రేపు వారిలో కొందరిపై ఫిర్యాదులు వస్తాయి, ఉత్తర్వులు వస్తాయి, కేసులు పడతాయి. అధికారులు, న్యాయవాదులు, కోర్టువారు ఇకనైనా క్యాలెండరు వైపు ఒకసారి చూడాలని, "గెల్చినమా, ఓడినమా" అని అడిగే మనిషికి ఏదో ఒక జవాబు దొరికేలా చూడాలని గ్రామీణులు కోరుతున్నారు.